నాలుక అన్న మాట

సిన్ దాక్‌హింగ్ కింది దవడలో ఎడమవైపున నాలుగు పళ్ళు లేవు. వాటిలో మూడు మా రేవుపట్నంలో, యౌమాతేయ్ పేటలోని ఒక సినిమాహాలు వెనకగదిలో రాలాయి. నాలుగోది తెర ముందు, ఆరువందల మంది చూస్తుండగా రాలింది. నాలుగింటికీ కారణం నేనే. ఆయన బతికి ఉన్నంతకాలం ఈ సంగతి నేనెవరికీ చెప్పలేదు, ఆయన చెప్పనివ్వలేదు. గత చలికాలంలో ఆయన పోయారు. శవపేటిక ముందు అగరొత్తులు సర్దుతూ ఆయన మనుమరాలు, "తాతయ్యకు ఆ పళ్ళెలా పోయాయి టీచరమ్మా?" అని అడిగింది. "మాట కోసం పోయాయమ్మా" అన్నాను. ఎవరికో ఇచ్చిన మాట నిలబెట్టుకోవడానికి కాబోలు అని ఆ పిల్ల తలవంచి నమస్కరించింది. నేను చెప్పింది ఇచ్చిన మాట గురించి కాదు. నోటితో పలికే మాట గురించి. అదీ ఒకే ఒక్క అక్షరం ఉన్న మాట.

సిన్ తండ్రికి యౌమాతేయ్ సంతలో పందిమాంసం కొట్టు ఉండేది. ఆరేళ్ళ వయసులో సిన్, కొట్టు ముందు నిలబడిన ఒక బట్టల వ్యాపారిని, "నాలుక కావాలా అయ్యా?" అని అడిగాడు. అడగడంలో తప్పు లేదు, మాటలో ఉంది. నాలుకకు పుస్తకాలలో ఉన్న మాట 'సిత్'. అదే పలుకును గొంతు ఒక మెట్టు దించి పలికితే నష్టం అని అర్థం. వ్యాపారం చేసుకునేవాడి మొహాన పొద్దున్నే నష్టమనే మాట పడకూడదు గనుక సంతలో నాలుకను 'లేయ్' అంటారు; ఆ పలుకుకు లాభమనే అర్థం ఉంది. పిల్లవాడు బడిలో నేర్చిన మాటను కొట్టులో వాడాడు. తండ్రి కసాయికత్తిని తిరగేసి దాని వీపుతో వాడి నుదుటి మీద కొట్టాడు. నెత్తురు కంట్లోకి కారుతుండగా, "ఉమ్మేసి మళ్ళీ చెప్పు" అన్నాడు. నోరుజారిన మాటకు మావాళ్ళు చేసే మరమ్మతు అదే. అన్న నోరే, అన్నచోటే, నేల మీద ఉమ్మి, మంచిమాటగా మార్చి మళ్ళీ అనాలి. అప్పుడు మొదటిది అననట్టే. పిల్లవాడు ఉమ్మాడు. "లేయ్ కావాలా అయ్యా?" అన్నాడు. వ్యాపారి రెండు కొనుక్కుని వెళ్ళాడు. కనుబొమ్మను రెండుగా చీల్చిన ఆ మచ్చను ఆయన చివరిదాకా మోశారు.

గొంతు ముదిరాక ఆయన కొట్టు వదిలేశారు. సినిమా బొమ్మలకు మాటలు రాని రోజుల్లో తెర పక్కన ఎత్తుపీట మీద నిలబడి, వెదురుబద్దతో చూపుతూ కథ చెప్పే మనిషి ప్రతి హాలుకూ ఉండేవాడు. ఆ పనిలో సిన్ ఇరవై ఏళ్ళున్నారు. కంచుగొంతు సిన్ అని పేరు. నాయిక ఏడిస్తే ఆయనే ఏడ్చేవారు, విలన్ చస్తే ఆయనే చచ్చేవారు, గుర్రం సకిలిస్తే ఆయనే సకిలించేవారు. హాలు అంత మెత్తని చోటేమీ కాదు. రేవు కూలీలు మోతకర్రలు పట్టుకునే లోపలికి వచ్చేవారు. కథ నచ్చకపోతే ఆ కర్రలకు పని దొరికేది. ఒకసారి తాగిన పడవవాడొకడు విలన్‌ను పొడవడానికి కత్తి దూసి తెర మీదికి దూకాడు. సిన్ కథ ఆపకుండానే వెదురుబద్దతో వాడి మణికట్టు విరగ్గొట్టి, "అలా రెండో దొంగ కూడా నేలకూలెను" అని చెప్పి ముందుకు సాగారు. ఆ దెబ్బ కథలోదేననుకుని జనం చప్పట్లు కొట్టారు.

తరువాత బొమ్మలకు మాటలు వచ్చాయి. హాలు యజమాని తెరకు రెండు పక్కలా గుమ్మమంత ఎత్తున్న లౌడుస్పీకరు కొమ్ములు పెట్టించాడు. వాటిలో నుంచి ఇంగ్లీషు అరుపులు వచ్చేవి. సిన్‌ను రేపటి నుంచి రావద్దన్నారు. మరునాడు మధ్యాహ్నం సిన్, తండ్రి వాడిన కసాయికత్తి పట్టుకుని వచ్చి కుడికొమ్మును కట్టెల్లా నరికారు. ఎడమకొమ్మును సగం నరికేసరికి యజమాని మనుషులు మీద పడ్డారు.

ఆ యజమాని పేరు మాక్. తోబుట్టువులలో తొమ్మిదోవాడు గనుక ఊరంతా తొమ్మిదో అన్న అనేవారు. నాలుగు జూదశాలలూ, ఈ హాలూ, చెప్పినచోట కొట్టే అరవైమంది మనుషులూ అతనికి ఉండేవారు. కొట్టడం అయ్యాక అతను వచ్చి సిన్ పక్కన గొంతుక్కూర్చున్నాడు.

"నా కొమ్మును ఎందుకు నరికావురా?"

"అది నా పని తినేసింది, తొమ్మిదో అన్నా."

"అదేం అరుస్తుందో మా అమ్మకు ముక్క అర్థం కాదు. ఇంకో నెల పోతే నేనే పీకించేవాణ్ణి. పక్కటెముకలు ఎన్ని విరిగాయి?"

"రెండు."

"రెండేనా?" మాక్ తన మనుషుల వైపు తిరిగాడు. "మీరు ముసలివాళ్ళవుతున్నార్రా." మళ్ళీ సిన్ వైపు చూశాడు. "మన మాట మాట్లాడే బొమ్మ ఒకటి తీయిస్తున్నా. అందులో మాటలన్నిటికీ నువ్వు కాపలా. పలికేవాడికి పలకడం నేర్పాలి. లేవగలిగిన రోజున రా."

అలా ఆయన ఆ సినిమాలోకి వచ్చారు. నేను ఎర్రసిరా సీసాతో వచ్చాను. అప్పుడు నాకు ఇరవై నాలుగేళ్ళు. ఆడపిల్లల బడిలో భాష చెప్పేదాన్ని. సినిమా సింగపూరుకూ శాన్‌ఫ్రాన్సిస్కోకూ వెళ్తుందనీ, మాటలను పుస్తకంగా కూడా అచ్చువేస్తారనీ, రాత తప్పుల్లేకుండా చూడమనీ దర్శకుడు యిప్ మా బడికి వచ్చి అడిగాడు. అది 1936. దేశమంతటికీ ఒకే భాష ఉండాలంటూ మా దక్షిణాది మాటల చిత్రాలను త్వరలో ఆపేస్తారన్న వదంతి రాజధాని నుంచి వస్తూ ఉండేది. అందరూ తొందరలో ఉన్నారు.

రాగిపాత్రలు కొట్టేవాళ్ళ వీధి వెనక, రేకుల షెడ్డులో చిత్రీకరణ. పొద్దుటి నుంచి సాయంత్రం దాకా సుత్తుల మోత. ఆ పనివాళ్ళు మధ్యాహ్నం అన్నానికి కూర్చునే ముప్పావు గంటలోనే మాటలు పట్టాలి. ఉదయమంతా నటులు దెబ్బలు అభ్యాసం చేసేవారు. సంతలో నుంచి సిన్ బకెట్టుతో పందినెత్తురు తెచ్చేవారు. మధ్యాహ్నానికి అది చిక్కబడి ఈగలు ముసిరేవి. కథ ఒక కసాయివాడిది. తమ్ముడు దాక్కున్న చోటు చెప్పమని జమీందారు మనుషులు అతన్ని దూలానికి వేలాడదీసి కొడతారు. అతను చెప్పడు. "ఎంత కొట్టినా నా నోటి నుంచి రాదు. కావాలంటే నా నాలుక తీసుకో" అని మూడుసార్లు అరిచి, చివరికి తానే నాలుక కొరుక్కుని వాళ్ళ మొహాన ఉమ్ముతాడు.

సిన్ చెప్పి రాయించిన కాగితంలో ఆ మూడుచోట్లా 'లేయ్' అని ఉంది. నేను మూడుచోట్లా కొట్టేసి పైన 'సిత్' అని రాశాను. మధ్యాహ్నం ఆయన ఆ కాగితం పట్టుకుని నా దగ్గరికి వచ్చారు.

"ఇదేంటి టీచరమ్మా, ఇక్కడ కూడా నెత్తురు చిందింది?"

"'లేయ్' నిఘంటువులో లేదు సిన్ బాబాయ్. సంతవాళ్ళు అల్లుకున్న అక్షరం అది. అచ్చులో పెడితే చదువుకున్నవాళ్ళు నవ్వుతారు."

"నిఘంటువు ఎప్పుడైనా సంతకు వచ్చి మాంసం కొన్నదా? వీడు కసాయివాడమ్మా. నరికినా ఆ మాట అనడు. నన్ను నరికారు, నాకు తెలుసు." కనుబొమ్మ మీది మచ్చ చూపించారు.

"నాలుకకూ నష్టానికీ స్వరం వేరు. ఒకటి నడిమి మెట్టు, ఇంకొకటి అడుగు మెట్టు. చెవి ఉన్నవాడికి తేడా తెలుస్తుంది."

"దూలానికి వేలాడుతూ తన్నులు తింటున్నవాడి గొంతు ఏ మెట్టు మీద నిలబడుతుంది?"

"నిలబెట్టడమే కదా మీ పని."

ఆయన ఆ కాగితాన్ని మడిచారు. బడి ముఖం మూడేళ్ళే చూసిన మనిషి. "సరే, మీరు చదువుకున్నవారు" అని వెళ్ళిపోయారు. వారం రోజులు నటుడికి ఆ ఒక్క పలుకూ నేర్పారు. పలుకు నడిమి మెట్టు మీద నిలబడేదాకా వదలలేదు.

చిత్రీకరణ రోజున మొదటిసారి స్వరం సరిగ్గా వచ్చింది. కానీ మూడో అరుపుకు ముందే అన్నాలు ముగించిన రాగిపనివాళ్ళు సుత్తులెత్తారు. మరునాడు మళ్ళీ పెట్టారు. ఆ రోజు కర్ర పట్టినవాడు కొలత తప్పి నటుడి దవడ మీద నిజంగానే కొట్టాడు. నటుడు నిజమైన నొప్పితో గర్జించాడు. గర్జనతో పాటు స్వరం అడుగు మెట్టుకు జారింది, మూడుసార్లూ. దర్శకుడు యిప్ లేచి నటుణ్ణి కౌగిలించుకున్నాడు. సిన్ బొమ్మ పట్టే యంత్రం వెనక ఎక్కడో ఉన్నారు. మూత వేసినా ఆగని దాని గరగరలో ఆయనకు సరిగ్గా వినపడలేదు. నాకు వినపడింది. మళ్ళీ తీయమని చెప్పవలసింది నేనే. చెబితే సిన్ అన్నదే నిజమని ఒప్పుకోవాలి. నేను కాగితాలు సర్దుకున్నాను.

సినిమా మొదటిసారి ప్రదర్శించినది మాక్ తల్లి డెబ్బయ్యో పుట్టినరోజున, పగటిపూట, ఆ హాలులోనే. ముందువరసలో ఆమె, పక్కన కొడుకు, వెనక నాలుగు జూదశాలల పెద్దలు. దీర్ఘాయువు కోరి పుట్టినరోజున పంచే గులాబీరంగు బన్నులు పళ్ళేలలో తిరిగాయి. తెర మీద పొరుగింటామె తలుపు తీసి, "అన్నం తిన్నారా?" అని అడిగితే ముందువరస నుంచి మాక్ తల్లి, "తిన్నానమ్మా, నువ్వు తిన్నావా?" అన్నది. ఎవరూ నవ్వలేదు. గోడ మీది మనుషులు మన మాట మాట్లాడటం ఆ హాలులో అదే మొదటిసారి. నా వెనక ఒక పడవవాడు ఏడుస్తూ పుచ్చగింజలు నమలడం వినిపించింది.

తరువాత దూలం వచ్చింది, కర్రలు వచ్చాయి. నెత్తురు కారుతున్న కసాయివాడు సూటిగా ముందువరస వైపు చూసి, కొత్తగా పెట్టించిన రెండు కొమ్ముల నిండా అరిచాడు.

"నా నష్టం తీసుకో. తీసుకో నా నష్టం. ఇదిగో, నా నష్టం తీసుకో."

పుచ్చగింజల చప్పుడు ఆగిపోయింది. జూదం మీద బతికేవాడికి, తల్లి పుట్టినరోజున, అతని సొంత హాలులో, మూడుసార్లు. ముసలామె చేతిలోని బన్ను కిందపడింది. మాక్ లేచి నిలబడ్డాడు. తన మనుషులకు నోటితో చెప్పవలసిన అవసరం అతనికి ఎప్పుడూ ఉండేది కాదు.

మొదట ప్రొజెక్టర్ నడిపే ముసలాయన తల గోడకు కొట్టారు. దర్శకుడు యిప్ కుడిచేతిని తలుపుసందులో పెట్టి తలుపు మూశారు. పది పన్నెండుమంది షెడ్డుకు పరుగెత్తి, రాగిపనివాళ్ళ దగ్గర సుత్తులు లాక్కుని, శబ్దం పట్టే యంత్రాన్ని గాజుపెంకులూ తీగలూ తప్ప ఏమీ మిగలకుండా కొట్టారు. నటుడు వెనక కిటికీ దూకి రేవుకు పరుగుతీశాడు. సింగపూరు ఓడలో తేలాడని తరువాత తెలిసింది. సిన్‌నూ నన్నూ వెనకగదికి తీసుకువెళ్ళారు. మాటల కాగితం బల్ల మీద పరిచి ఉంది. మాక్‌కు చదువు రాదు, రంగులు తెలుసు.

"ఈ ఎర్రసిరా ఎవరిది?"

నేను నోరు తెరిచాను. అంతకంటే ముందే సిన్, "నాది" అన్నారు.

"నీకు అక్షరాలు వచ్చా?"

"ఈ ఒక్కటే వచ్చు, తొమ్మిదో అన్నా. మా నాన్న నుదుటి మీద అచ్చువేసి మరీ నేర్పాడు."

నేను ఒక అడుగు ముందుకు వేశాను. ఆయన నా వైపు చూసి అరచెయ్యి కిందికి దించారు. గోలచేసే హాలును ఇరవై ఏళ్ళపాటు కూర్చోబెట్టిన సైగ అది. నేను కూడా కూర్చున్నాను. ఈ వ్యాసంలో నేను దాచదలచుకోనిది ఆ కూర్చోవడమే.

బల్లకోడు విరిచి దానితో దవడ మీద కొట్టారు. మూడోదెబ్బకు పళ్ళు నేల మీద పడి దొర్లాయి. పలకల సందులోకి దొర్లినదాన్ని మాక్ బూటుకొనతో లోపలికి నెట్టాడు. ఇంకో దెబ్బ పడేదే. ముసలామె తలుపు తీసుకుని వచ్చింది. కిందపడిన బన్నును దులిపి మళ్ళీ చేతిలో పట్టుకుని ఉంది.

"కొడితే మాట వెనక్కి పోతుందా? అన్నవాణ్ణి ఉమ్మేసి మళ్ళీ చెప్పమను."

"అమ్మా, అది గోడ మీద బొమ్మ. బొమ్మ ఎలా ఉమ్ముతుంది?"

"మాట్లాడటం వచ్చినదానికి ఉమ్మడం రాదా? అన్నచోటే అనాలి. విన్నవాళ్ళంతా వినాలి. అప్పటిదాకా నేనీ గడప దాటి నీ ఇంటికి రాను."

మాక్ నుదుటి చెమట తుడుచుకున్నాడు. కొట్టవలసినవాళ్ళను కొట్టాడు, పగలగొట్టవలసినది పగలగొట్టాడు, ఇప్పుడు తిరిగి పలికించే నటుడూ లేడు, యంత్రమూ లేదు. సిన్ జుట్టు పట్టుకుని తల పైకెత్తాడు.

"ఏడు రోజులు. ఇదే హాలు, ఇదే వేళ, ఇదే జనం. ఆ బొమ్మ సరిగ్గా చెప్పాలి. ఆ పాడుమాట మళ్ళీ నా హాల్లో వినపడిందో, నీ నాలుక మీ కొట్టు మొద్దు మీదే పెట్టి నరుకుతా. అప్పుడు దాన్ని ఏమని పిలవాలో నువ్వే చెబుదువుగాని."

ఆదివారం మా బడి ఖాళీగా ఉంటుంది. రీలును నా తరగతిగది కిటికీ పక్కన విప్పాము. ఫిల్ము అంచున, బొమ్మల పక్కనే, సన్నని చార ఒకటి గోటిగీతల్లా సాగుతుంది; మాట అంతా అందులోనే ఉంటుంది. తలకు కట్టుకట్టుకున్న ప్రొజెక్టర్ ముసలాయన చెప్పిన ప్రకారం మాట తన బొమ్మకు ఎదురుగా ఉండదు, ఇరవై బొమ్మలు ముందుంటుంది. సిన్ భూతద్దం పెట్టి నటుడి పెదవులు చూసి, ఇరవై లెక్కపెట్టి, గుండుసూదితో గుర్తుపెట్టేవారు. ఆ మూడు కేకలూ వినపడకుండా నేను కుంచెతో ఆ చార మీద సిరా పూసేదాన్ని. అలవాటుకొద్దీ ఎర్రసిరా తీశాను. ఎర్రరంగు ఆ యంత్రానికి ఆనదనీ, నల్లదే కావాలనీ ముసలాయన చెప్పాడట.

దవడకు కట్టిన గుడ్డలో నుంచి సిన్ నవ్వడానికి ప్రయత్నించారు. "మీ ఎర్రసిరా చెల్లని చోటు ఒకటి దొరికింది టీచరమ్మా."

"నేను తొమ్మిదో అన్న దగ్గరికి వెళ్ళి చెబుతాను బాబాయ్. రాసింది నేనని."

"చెప్పి?"

"నిజం చెప్పినట్టవుతుంది."

"మీ నాలుక పోతే ఈ గదిలో అరవైమంది ఆడపిల్లలకు మాట ఎవరు చెబుతారు? నా నోటికి ఇప్పుడు టికెట్ కొనేవాడు లేడు. ఊరుకోండి. సిరా బొమ్మ మీదికి పాకుతోంది, చూసుకోండి."

మాట చెరిగిన మూడుచోట్లా బొమ్మ మౌనంగా ఉంటుంది. అక్కడ సిన్ తెర పక్కన నిలబడి తన నోటితో పలకాలి, అదీ ఉపాయం. కానీ విరిగిన దవడతో 'లేయ్' రాలేదు. 'యేయ్' అని గాలి వచ్చేది. ఆ వారమంతా బడి వదలగానే నేను సంతకు వెళ్ళేదాన్ని. వాళ్ళ కొట్టు వెనక, వేలాడే పందికాళ్ళ మధ్య ఆయనను కూర్చోబెట్టి, "నాలుక కొనను పైపళ్ళ వెనక ఆనించండి, వదలకండి, ఇప్పుడు వదలండి" అని మొదటితరగతి పిల్లలకు చెప్పినట్టు చెప్పేదాన్ని. ప్రతిసారీ చిగుళ్ళలో నుంచి నెత్తురు వచ్చేది. ఐదోరోజున 'ల' వచ్చింది. ఆరోరోజున పోయింది.

ఏడోరోజు అదే వేళకు హాలు నిండింది. ముందువరసలో ముసలామె, చేతిలో బన్ను. తెర కింద సిన్ తండ్రి కొట్టులోని మాంసం నరికే మొద్దు, దాని మీద ఆ తండ్రి కత్తి. మోసుకువచ్చి పెట్టింది మాక్ మనుషులే. వెనకబెంచీల మీద రాగిపనివాళ్ళున్నారు. తమ సుత్తులతో జరిగిన పని చూసి పనిమానుకుని వచ్చారు. సిన్ పాత వెదురుబద్ద పట్టుకుని ఎత్తుపీట ఎక్కారు. దవడ గుడ్డ విప్పి జేబులో పెట్టుకున్నారు.

దూలం వచ్చింది. కర్రలు లేచాయి. తెర మీది నోరు తెరుచుకుంది, కొమ్ములు మూగబోయాయి. సిన్ ముందుకు వంగి నేల మీద ఉమ్మారు. నెత్తురుతో పాటు నాలుగో పన్ను పడి టక్కుమన్నది. ఆ చప్పుడు తరువాత, "నా లేయ్ తీసుకో" అన్నారు. గాలి ఎక్కువ, అక్షరం తక్కువ. అయినా అది 'ల'యే. ముసలామె తల ఆడించింది.

రెండో మౌనం వచ్చేసరికి ఎడమవైపు నుంచి ఎవడో, సిన్ నోరు తెరిచేలోపే, "సిత్!" అని కేక పెట్టాడు. మాక్ జూదశాల నుంచి ఆ నెలలోనే మెడపట్టి గెంటబడ్డ తోళ్ళ వ్యాపారి వాడు. వాడికి నాలుక గురించి సందేహం లేదు. అడుగు మెట్టు మీద, నిదానంగా, నష్టమనే పలికాడు.

హాలులో మాట వినపడింది. మాక్ లేచి మొద్దు మీది కత్తి అందుకున్నాడు. ఇద్దరు మనుషులు ఎత్తుపీట వైపు కదిలారు. సిన్ వాళ్ళకోసం ఆగలేదు. పీట మీది నుంచి జనంలోకి దూకారు. వరసల మధ్య పరుగెత్తి, వెదురుబద్ద అడ్డంగా తిప్పి వ్యాపారి నోటి మీద కొట్టారు. బద్ద నిలువునా చీలింది. చీలిన కొనతో మళ్ళీ కొట్టారు. పెదవి తెగి వేలాడింది. వెనకనుంచి రాగిపనివాళ్ళు వచ్చి వాడి చేతులు విరిచిపట్టారు.

"ఉమ్ము" అన్నారు సిన్.

వాడు బూతు తిట్టాడు. సిన్ వాడి జుట్టు పట్టి తలను ముందున్న బెంచీ అంచుకు రెండుసార్లు కొట్టారు. నేను అంతకుముందు గానీ ఆ తరువాత గానీ ఆయన ముఖంలో ఆయన తండ్రిని చూడలేదు.

"ఉమ్మేసి మళ్ళీ చెప్పు."

వాడు ఉమ్మాడు. "లేయ్" అన్నాడు, ఏడుస్తూ.

సరిగ్గా అప్పుడు తెర మీద మూడో మౌనం వచ్చింది. పీట ఖాళీగా ఉంది. సిన్ అక్కడి నుంచే, జనం మధ్య నుంచి, వ్యాపారి జుట్టు వదలకుండానే తల పైకెత్తి అరిచారు. ఆ గొంతుకు కంచు అని పేరు ఊరికే రాలేదు. "నా లేయ్ తీసుకో!" నాలుక కొన పైపళ్ళ వెనక ఆనింది, ఆగింది, వదిలింది. అంత స్పష్టమైన 'ల'ను నేను నా తరగతిలో ఎన్నడూ వినలేదు.

మాక్ కత్తి పట్టుకుని నిలబడే ఉన్నాడు. మనుషులు అతని ముఖం వైపు చూస్తున్నారు. ముసలామె బన్ను చివర కొరికింది.

"మధ్యలో వాడెవడో అన్నాడు కదమ్మా" అన్నాడు మాక్.

"వాడూ ఉమ్మాడుగా. కూర్చో. తమ్ముడు దొరుకుతాడో లేదో చూడనీ."

మాక్ కత్తిని బలంగా మొద్దులోకి దిగగొట్టి కూర్చున్నాడు. మరునాడు దాన్ని ఊడబెరకడానికి ఇద్దరు కావలసివచ్చారు.

సినిమా ఆ హాలులో ఇరవై మూడు రోజులు ఆడింది. ఇతర ఊళ్ళవాళ్ళు అడిగారు. కానీ ఆ ప్రతిలో మూడుచోట్ల మాట లేదు; మాట కావాలంటే మనిషిని కూడా పంపాలి. కాబట్టి సిన్ రీళ్ళతో పాటు ఓడలెక్కారు, ఒక్కొక్క ఊళ్ళో మూడేసి మాటలు చెప్పడానికి. మకావ్‌లో యంత్రం చెడిందనుకుని జనం కుర్చీలు విసిరారు. ఫోషాన్‌లో ఎవరో విసిరిన ఇటుకకు మెడ ఎముక విరిగింది. ఆ పూట మూడో మాటను పడుకునే చెప్పారు. సింగపూరు, శాన్‌ఫ్రాన్సిస్కో దాకా ఆ సినిమా ఎప్పుడూ వెళ్ళలేదు. యుద్ధంలో ఆ హాలు మీద బాంబు పడింది. రీళ్ళు, కొమ్ములు, పలకల కింది పన్నుతో సహా కాలిపోయాయి. నేను దిద్దిన పుస్తకం మాత్రం అచ్చయింది. ఒక ప్రతి నా దగ్గరుంది. అందులో మూడుచోట్లా 'సిత్' అనే ఉంది, అచ్చుతప్పు లేకుండా.

యుద్ధం ముగిసిన ఏడాది ఆయన మళ్ళీ తండ్రి కొట్టు తెరిచారని విని వెళ్ళాను. పొద్దుటివేళ, బారుగా జనం. అందులో నా విద్యార్థినుల తల్లులు ముగ్గురు. ఆయన జుట్టు నెరిసింది. నన్ను చూసి కత్తి తుడుచుకున్నారు.

"ఏం కావాలి టీచరమ్మా?"

కొక్కేనికి వేలాడుతున్నదాన్ని చూపించి, ఏళ్ళతరబడి తరగతిలో వాడిన అలవాటున నేను, "ఒక సిత్" అన్నాను.

బారులోని వాళ్ళంతా నా వైపు తిరిగారు. పక్కకొట్టు చేపలామె నన్ను తిట్టడానికి నోరు తెరిచింది. సిన్ అరచెయ్యి కిందికి దించి ఆమెను ఆపారు. కత్తిని మొద్దు మీద పెట్టారు. ముఖంలో కోపం గానీ నవ్వు గానీ లేదు.

"ఉమ్మండి" అన్నారు.

బడిలో నేల మీద ఉమ్మిన పిల్లచేత గదంతా తుడిపించేదాన్ని నేను. ఆ ముగ్గురు తల్లుల ముందు, చేపనీళ్ళు పారుతున్న ఆ రాతిపలక మీద ఉమ్మాను.

"లేయ్" అన్నాను.

"ఇంకొకసారి. కొన ఆనలేదు."

"లేయ్."

"ఇప్పుడు సరిగ్గా ఉంది" అని ఆయన దాన్ని కొక్కెం నుంచి తీసి, తామరాకులో చుట్టి, గడ్డిపోచతో ముడివేసి నా చేతికిచ్చారు.